డుబోయిస్: కూల్చినవాళ్ళే రాసిన చరిత్రకు జవాబు

1909 డిసెంబరులో అమెరికా చరిత్రకారుల సంఘం సమావేశంలో డబ్ల్యూ.ఈ.బి. డుబోయిస్ అనే నల్లజాతి ప్రొఫెసర్ ఒక పత్రం చదివారు. అంతర్యుద్ధం ముగిశాక దక్షిణాదిలో నల్లవాళ్ళు ఓట్లేసి, చట్టసభల్లో కూర్చున్న కొద్ది ఏళ్ళను అక్కడ 'పునర్నిర్మాణ కాలం' అంటారు. అది అవినీతి, అరాచకం తప్ప మరేమీ కాదని అప్పటి పాఠ్యపుస్తకాలన్నీ చెబుతున్నాయి. దక్షిణాదిలో పేదల పిల్లలకు ప్రభుత్వ బడులు తెరిచింది ఆ కాలమేనని డుబోయిస్ ఆధారాలతో చూపించారు. మరుసటి ఏడు పత్రం సంఘం పత్రికలో అచ్చయింది. 'నీగ్రో' మాటను పెద్దక్షరంతో మొదలుపెట్టమని అడిగితే సంపాదకుడు కుదరదన్నాడు. మన లిపిలో పెద్దక్షరాలు లేవు గనుక ఆ అవమానం మనకు చప్పున తట్టదు. ఒక జాతి పేరును వస్తువు పేరులాగే రాస్తామనడం అది.

ఆయన పుట్టింది 1868 ఫిబ్రవరి 23న, మసాచుసెట్స్‌లోని గ్రేట్ బారింగ్టన్‌లో. మాజీ బానిసలకు పౌరసత్వం ఇచ్చిన 14వ సవరణ ఆమోదం పొందిందీ ఆ ఏడాదే. 1877లో ఉత్తరాది పాలకులు రాజీపడి సైన్యం రక్షణ తీసేసేనాటికి ఆయనకు తొమ్మిదేళ్ళు. ఫిస్క్, హార్వర్డ్, బెర్లిన్‌లలో చదివి, 1895లో హార్వర్డ్ నుంచి డాక్టరేట్ పొందిన తొలి నల్లజాతీయుడయ్యారు. నిజాలు లెక్కగట్టి చూపిస్తే లోకం మారుతుందని నమ్మి అట్లాంటాలో పాఠాలు చెప్పారు. 1899లో ఆ దగ్గర్లోనే సామ్ హోజ్ అనే నల్ల కూలీని తెల్ల గుంపు సజీవంగా తగలబెట్టింది. నిరసన లేఖ పట్టుకుని పత్రికాఫీసుకు బయలుదేరిన డుబోయిస్, హోజ్ వేళ్ళ ఎముకలను ఒక దుకాణంలో ప్రదర్శనకు పెట్టారని తెలిసి దారిలోనే వెనుదిరిగారు. లెక్కలు మాత్రమే సరిపోవని తేలింది. 1909లో ఎన్ఏఏసీపీ స్థాపకుల్లో ఒకరై, 1910 నుంచి దాని పత్రిక 'ది క్రైసిస్' నడిపారు.

పునర్నిర్మాణ కాలాన్ని నల్లవాళ్ళ అసమర్థతకు రుజువుగా రాసిన పండితుల గురువు విలియం డన్నింగ్, కొలంబియా విశ్వవిద్యాలయ ప్రొఫెసర్. 1913 నుంచి 1916 వరకు బాబాసాహెబ్ అంబేద్కర్ చదివింది ఆ విశ్వవిద్యాలయంలోనే.

డుబోయిస్ పూర్తి జవాబు 1935లో వచ్చింది, 67వ ఏట. 'బ్లాక్ రీకన్‌స్ట్రక్షన్ ఇన్ అమెరికా', ఏడు వందల పేజీలు దాటిన పుస్తకం. దక్షిణాది పత్ర భాండాగారాల తలుపులు ఆయనకు మూసే ఉన్నాయి. మూలపత్రాలు చూడలేదని తర్వాత తప్పుపట్టారు కొందరు. చెరువు దగ్గరికి రానివ్వకుండా నీళ్ళు తేలేదేమని నిలదీయడం లాంటిది ఇది. కాంగ్రెస్ నివేదికలు, ప్రభుత్వ లెక్కలు, తెల్ల చరిత్రకారుల పుస్తకాలనే ఎదురు సాక్షులుగా నిలబెట్టి ఆయన పని పూర్తిచేశారు.

బానిసలకు విముక్తి దానంగా వచ్చిందన్న కథను ఆ పుస్తకం కొట్టేసింది. లక్షలాది మంది పత్తి తోటలు వదిలి ఉత్తరాది సేనల వైపు నడవడం సార్వత్రిక సమ్మె అన్నది ఆయన వాదన. దాదాపు రెండు లక్షల మంది నల్లవాళ్ళు తుపాకీ పట్టారు. మరి గెలిచాక ఎందుకు కూలింది? ఓటు వచ్చింది, భూమి రాలేదు. కొందరికి దక్కిన భూమిని కూడా అధ్యక్షుడు ఆండ్రూ జాన్సన్ పాత యజమానులకే తిరిగి ఇప్పించాడు. తెల్ల కూలీకి తక్కువ జీతంతో పాటు తెల్లతనమనే మర్యాద ముట్టింది. నల్ల కూలీతో చేయి కలపకుండా ఉండటానికి అదొక అదనపు కూలి అయింది. అంబేద్కర్ చెప్పిన శ్రేణీకృత అసమానత తెలిసినవాళ్ళకు ఈ అధ్యాయాలు పరాయివిగా తోచవు. మధ్య మెట్టు మీదివాడు పై మెట్టుతో కాక కింది మెట్టుతో ఎందుకు పోట్లాడతాడో రెండుచోట్లా ఒకటే లెక్క.

ఇదే చూపును ఆయన ప్రపంచ రాజకీయాలకూ పట్టించారు. మొదటి ప్రపంచ యుద్ధపు వేళ్ళు ఆఫ్రికా కోసం యూరప్ దేశాల పోటీలో ఉన్నాయని 1915లోనే రాశారు. 1947లో 'ది వరల్డ్ అండ్ ఆఫ్రికా' పుస్తకంలో చరిత్ర పటం నుంచి చెరిపేసిన ఖండాన్ని మధ్యలోకి తెచ్చారు. పొరపాట్లూ చేశారు. తెల్లవాళ్ళను ఎదిరించే రంగుజాతి దేశమని జపాన్‌ను నమ్మి, 1936లో మంచూరియా చూసొచ్చి ఆ ఆక్రమణను మెచ్చుకున్నారు. చైనా రైతు నెత్తురు ఆయనకు కనిపించలేదు. స్టాలిన్ విషయంలోనూ అంతే. ఆయన్ని చదివేవాళ్ళు దీన్ని దాటేయకూడదు.

1946లో అంబేద్కర్ ఆయనకు ఉత్తరం రాశారు. ఐక్యరాజ్యసమితికి నల్లవాళ్ళు పెట్టిన వినతిపత్రం ప్రతులు కావాలని అడిగారు. అంటరానివాళ్ళ తరఫున అలాంటి ప్రయత్నం ఆయన ఆలోచనలో ఉంది. అంబేద్కర్ పేరు తనకు తెలుసునని, సహకరిస్తానని డుబోయిస్ జవాబిచ్చారు. శూద్రులెవరన్న ప్రశ్నతో అంబేద్కర్ పుస్తకం వచ్చింది ఆ ఏడాదే, అంటరానివాళ్ళ పుట్టుక మీది పుస్తకం 1948లో. ఓడిన జనాల చరిత్రను పుట్టుకనుంచి తవ్వే పనిలో ఇద్దరూ ఉన్నారు.

1951లో అమెరికా ప్రభుత్వం 83 ఏళ్ళ డుబోయిస్‌ను విదేశీ ఏజెంటుగా బోనెక్కించింది. కేసు నిలవలేదు. ఆ తర్వాత కూడా 1958 దాకా పాస్‌పోర్టు ఇవ్వలేదు. 1961లో ఎంక్రుమా పిలుపుతో ఘనా వెళ్ళి ఆఫ్రికా విజ్ఞాన సర్వస్వం మొదలుపెట్టారు. అది పూర్తికాకుండానే 1963 ఆగస్టు 27న అక్రాలో కన్నుమూశారు. మర్నాడు వాషింగ్టన్ మహాప్రదర్శనలో రెండు లక్షలకు పైగా జనానికి ఆ వార్త చెప్పారు.

పెద్దక్షరం కుదరదన్న ఆ పత్రిక 1935లో 'బ్లాక్ రీకన్‌స్ట్రక్షన్' మీద సమీక్ష వేయలేదు. 87 ఏళ్ళ తర్వాత, 2022లో వేసింది.