విశ్వనాథ కవితలో తెనుగు నేల

విశ్వనాథ సత్యనారాయణగారు 1895 సెప్టెంబరు 10వ తేదీన కృష్ణా జిల్లా నందమూరు గ్రామములో శోభనాద్రి, పార్వతమ్మ దంపతులకు జన్మించినారు. శోభనాద్రిగారు అడిగినవారికి లేదనక ఉన్నదంతయు పెట్టి పేదరికమును కొనితెచ్చుకొన్న దాత. కాశి నుండి లింగమును తెచ్చి స్వగ్రామములో విశ్వేశ్వరాలయమును నెలకొల్పినవారు. కుమారుని రామాయణము వ్రాయుమని ఆదేశించినదియు ఆయనయే. ఆ ఆదేశము నెరవేరుటకు కుమారుని జీవితములో అధికభాగము పట్టినది.

విశ్వనాథవారిని సంప్రదాయ కవి యనుట పరిపాటి. ఆ మాట సగము మాత్రమే నిజము. ఆయన యౌవనములో ఉన్న కాలమున దేశములో ప్రవాహమంతయు మరియొక దిక్కునకు సాగుచుండెను. ఇంగ్లీషు చదువు, పట్టణవాసము, పాశ్చాత్య కావ్యాదర్శములు విద్యావంతులకు సహజధర్మములైనవి. ఆ ప్రవాహమునకు ఎదురీదినవారిలో ఇంత పట్టుదల, ఇంత విస్తృతి కలవారు తెలుగులో మరియొకరు లేరు. ఆ ఎదురీతకు బలము కేవలము శాస్త్రముల నుండి వచ్చినది కాదు. నదులు, కొండలు, పైరులు, ఊరి గుడులు ఆయనకు సిద్ధాంతముకన్న ముందు తెలిసినవి. ఆయన గొప్పతనము పుట్టినదియు, ఆయనపై వచ్చిన ఆక్షేపము పుట్టినదియు ఆ చోటనే.

కృష్ణా డెల్టా స్వయముగా ఒక విచిత్రమైన నేల. 1833 నాటి కరవును తాతలనోట విన్న ఈ ప్రాంతము 1855లో బెజవాడ ఆనకట్ట పూర్తియైన పిమ్మట అన్నపూర్ణ యైనది. ఆ ఆనకట్ట ఇంగ్లీషు ఇంజనీరుల పని. ఇంగ్లీషు నాగరికతను జీవితాంతము నిరసించిన కవి ఆ కాలువనీటితో పండిన అన్నముననే పెరిగినాడు. ఇది ఆయనను ఎత్తిపొడుచుటకు చెప్పిన మాట కాదు. ఆయన ప్రేమించిన పల్లె అనాదిసిద్ధముగా కనిపించినను, దాని కలిమికి వయస్సు నూరేండ్లయినను లేదని గుర్తుంచుకొనుట అవసరము.

బందరు హిందూ హైస్కూలులో ఆయనకు చెళ్లపిళ్ల వేంకటశాస్త్రిగారు గురువులు. అవధానముల ధార, పద్యమునకు వలసిన జీవము ఆ గురుకులము నుండి వచ్చినవి. 1910లో కోపల్లె హనుమంతరావు, ముట్నూరి కృష్ణారావు, పట్టాభి సీతారామయ్యగార్లు బందరులో నెలకొల్పిన ఆంధ్ర జాతీయ కళాశాలలో విశ్వనాథవారు కొంతకాలము అధ్యాపకులుగా ఉన్నారు. స్వదేశీయమైన విద్య యొక్కటి ఉండవలెనను ఆ సంస్థ సంకల్పము ఆయనలో చిరకాలము నిలిచినది. ఆంధ్రప్రశస్తి, ఆంధ్రపౌరుషము ఆ వేడినుండి వచ్చిన కావ్యములు.

అన్నిటికన్న ఎక్కువగా ఆగి చూడవలసినవి కిన్నెరసాని పాటలు. కిన్నెరసాని భద్రాచల ప్రాంతపు అడవులలో పారి గోదావరిలో కలియు చిన్న యేరు. కథ అందరెరిగినదే. అత్తపెట్టు ఆరళ్లకు ఓర్వలేక కిన్నెర ఇల్లు విడిచి అడవికి పోవును. వెంటవచ్చిన భర్త కౌగిలించుకొనగా ఆ కౌగిలిలోనే కరగి యేరై పారును. భర్త రాయియై నిలిచిపోవును. తరువాత సముద్రుడు ఆమెను ఆశించగా గోదావరి తనలో కలుపుకొని కాపాడును.

అలంకారశాస్త్రములో నదులు, వనములు, చంద్రోదయములు ఉద్దీపన విభావములు. నాయికానాయకులు ఆలంబనములు. ఈ విభాగమును మహాకవులు అప్పుడప్పుడు సడలించినారు. మేఘదూతములో నిర్వింధ్య, గంభీర మొదలగు నదులు మేఘునకు నాయికలవలె కనిపించును. విక్రమోర్వశీయము నాలుగవ అంకములో ఉన్మత్తుడైన పురూరవునికి నది అలిగిపోయిన ఊర్వశివలె తోచును. అయితే అక్కడ నది నాయికగా తోచుట మాత్రమే. కిన్నెర కథలో నాయికయే నది యగును. భ్రాంతి లేదు, ఉపమ లేదు. ఉద్దీపనము ఆలంబనమైనది. కరుణమును అంగిగా గ్రహించిన భవభూతి జనస్థానములో సీతారాముల పూర్వస్మృతులను రాళ్లయందు, చెట్లయందు చూపినాడు. ఇక్కడ రాయి స్మృతిచిహ్నము కాదు, భర్తయే. తెలుగు కవితలో ఒక యేటి వంపులు, సుడులు, రాళ్లపై దాని రొద ఒక స్త్రీ దుఃఖముతో ఇట్లు ఏకమగుట అంతకుముందు లేదు.

మరియొక విశేషము కలదు. ఈ కథను ఆయన వృత్తములలో చెప్పలేదు, మాత్రాచ్ఛందస్సులో పాటగా చెప్పినారు. పలుకుబడి యింటింటిది. శ్రావ్యమైన కంఠముతో సభలలో తామే పాడి వినిపించినారు. పండితులకు ఇది పాటకపు పని యనిపించినది. నవ్యులకు అత్తాకోడండ్ర కథ, పాతివ్రత్యము పాతవనిపించినవి. రెండు పక్షములకును చెందక నిలుచుట ఆయనకు అప్పుడే అలవాటైనది. ఆ యేటిపై తరువాత ఆనకట్ట కట్టినారు. ఆ జలాశయము కొత్తగూడెపు విద్యుత్కేంద్రమునకు నీరిచ్చినది.

తెలుగు ఋతువులు అను కావ్యమునకు ఆ పేరే వ్యాఖ్యానము. సంస్కృత కావ్యములలోని ఋతువులు చాలవరకు ఉత్తరదేశపువి. వానినే తెలుగు ప్రబంధములలో తరతరములుగా వర్ణించినారు. డెల్టాలో సంవత్సరము మరియొక తీరున నడచును. వర్షారంభమున కాలువలకు నీరు వచ్చును. ఆషాఢ శ్రావణములలో ఊడ్పులు, ఆశ్వయుజ కార్తికములలో తుపానుభయము, పుష్యములో కుప్పలు, నూర్పిళ్లు, సంక్రాంతి. ఋతువు ఆకాశములోనిది మాత్రమే కాదు, అది మనుష్యుల పని, పండుగ, ఆకలి. ఋతువర్ణనకు తెలుగునేలను అధికరణముగా చేయుట సంప్రదాయమునకు విధేయత కాదు, సంప్రదాయముపై తిరుగుబాటు. దానిని ఆయన సంప్రదాయము పేరుతోనే చేసినారు.

వేయిపడగలు నవలను ఇరువదితొమ్మిది దినములలో పూర్తిచేసినారు. ఆంధ్ర విశ్వకళాపరిషత్తు బహుమానమును అది అడివి బాపిరాజుగారి నారాయణరావుతో పంచుకొన్నది. సుబ్బన్నపేట అను ఊరు, దానిని కాచు వేయిపడగల సర్పము, ఒక్కొక్కటిగా కూలిపోవు పడగలు: ఇది గ్రంథములోని మహాప్రతీక. దేవాలయము, జమీందారు, రైతు, గణాచారి, దేవదాసి గిరిక, పైరులలో తిరుగుచు ప్రకృతియే మనిషియైనట్లు కనిపించు పసిరిక, అందరును ఒకే శరీరపు అవయవములుగా కనిపింతురు. ధర్మారావు చూచుచుండగానే ఆ శరీరము శిథిలమగును.

ఆక్షేపము ఇచట వచ్చును, దానిని తేలికగా త్రోసివేయరాదు. పల్లెను పొలమువలె, ఋతుచక్రమువలె సజీవమైన ఒకే వస్తువుగా చూచిన కవి ఆ పల్లెలోని వర్ణవ్యవస్థను కూడ అట్లే సహజమని చూచినాడు. వానకాలముతో ఎవరును వాదింపరు. మనుష్యులు కల్పించిన కట్టుబాటు అట్టిది కాదు. దానిక్రింద నలిగినవారికి వాదించు హక్కు ఉన్నది. ఆ వాదము అదే కృష్ణా జిల్లా అంగలూరులో జన్మించిన త్రిపురనేని రామస్వామి చౌదరిగారు సూతపురాణములో చేసినారు. ఒకే నేల, ఒకే కాలము, పరస్పరవిరుద్ధమైన రెండు ధిక్కారములు. విశ్వనాథవారి నవలను చదువు విద్యార్థికి సూతపురాణమును కూడ చదివించుట మంచిది.

చెలియలికట్ట యొక్క మూలభావమును పేరే చెప్పును. సముద్రము దాటని గట్టు అది. చలం మైదానమునకు ఇది ప్రత్యుత్తరమని విమర్శకులు కొందరు తలచినారు. 1950లో అరుణాచలమునకు తరలిపోవువరకు చలంగారు ఉన్నదియు బెజవాడయే. కాలమునకు ఎదురు నిలిచిన ఇద్దరు భిన్నులను ఆ ఊరు ఒకేసారి భరించినది. ఏకవీరలో వైగైనది మధుర కథకు ప్రాణము.

ఇంతలో ప్రథమభార్య వరలక్ష్మమ్మగారు గతించినారు. వరలక్ష్మీ త్రిశతి ఆ దుఃఖము. కిన్నెరలో కల్పనగా ఉన్న వియోగము ఇచట అనుభవము.

గుంటూరు క్రైస్తవ కళాశాలలో పనిచేసిన పిమ్మట విజయవాడ ఎస్.ఆర్.ఆర్. అండ్ సి.వి.ఆర్. కళాశాలలో చాలకాలము తెలుగు చెప్పినారు. నందమూరి తారక రామారావుగారు అచటి శిష్యులు. మారుతీనగర్‌లోని ఇల్లు శిష్యులకు, వాదించ వచ్చినవారికి కూడ ఆశ్రయము. శ్రీమద్రామాయణ కల్పవృక్షము ఈ దశాబ్దములలో పెరిగినది: కాండములు ఆరు, ఒక్కొక్క కాండమునకు ఐదు ఖండములు. వాల్మీకి కథకు ఆయన తెలుగింటి ఆచారములు, తెలుగు మాటల విరుపులు ఇచ్చినారు. అయోధ్యకు పోయినను పాఠకునికి కృష్ణాతీరము దూరము కాదు. పాకము కఠినమనువారి ఫిర్యాదు కొన్నిచోట్ల సత్యమే.

1959లో కరీంనగర్ కళాశాలకు ప్రిన్సిపాలుగా వెళ్లి 1961 వరకు ఉన్నారు. నన్నయ వాడిన మధ్యాక్కరను తిరిగి చేపట్టి పది శతకములు వ్రాసినారు. విశ్వనాథ మధ్యాక్కరలకు 1962లో కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారము లభించినది. 1968లో పి.వి. నరసింహారావుగారు వేయిపడగలను సహస్రఫణ్ పేరుతో హిందీలోనికి తెచ్చినారు. 1970లో తెలుగునకు తొలి జ్ఞానపీఠము, అదే యేట పద్మభూషణ్ వచ్చినవి. 1976 అక్టోబరు 18న ఆయన పరమపదించినారు.

మధ్యాక్కరల శతకములకు పేర్లు ఊళ్లవి, కొండలవి: శ్రీగిరి, కాళహస్తి, భద్రగిరి, ద్రాక్షారామము, కరీంనగర్ దినములను తలపించు వేములవాడ. వానిలో ఒకటి నందమూరు. తండ్రి కాశినుండి తెచ్చిన విశ్వేశ్వరుని నిలిపిన ఆ ఊరు శ్రీశైలముతో సమానముగా ఆ పుస్తకములో చోటుచేసుకొన్నది.