ఖగోళ శాస్త్రవేత్త వేణు బప్పు

నవాబ్ జఫర్ జంగ్ 1901లో హైదరాబాదులో నెలకొల్పిన నిజామియా వేధశాలను స్మరించినప్పుడు, దాని ప్రాంగణంలో పెరిగిన ఒక బాలుని కూడా స్మరించక తప్పదు. అతడే ఆ వేధశాల ఉద్యోగి కుమారుడు, తదనంతర కాలంలో విశ్వవిఖ్యాతుడైన డాక్టర్ వేణు బప్పు. 1927 ఆగస్టు 10న మద్రాసులో జన్మించినా, ఆయన విద్యాభ్యాసం హైదరాబాదులోనే సాగింది. నిజాం కళాశాల విద్యార్థిగా ఉన్నప్పుడే, కాంతిలో హెచ్చుతగ్గులు చూపే చర నక్షత్రాలను రాత్రులు మేల్కొని పరిశీలించేవారు.

హైదరాబాదు ప్రభుత్వ విద్యార్థి వేతనంతో 1949లో హార్వర్డు చేరారు. కొద్ది నెలలకే, జులైలో, ఒక ఛాయాచిత్ర ఫలకంపై క్రొత్త తోకచుక్కను గుర్తించారు. అది నేటికీ బప్పు, బోక్, న్యూకిర్క్ అనే మూడు పేర్లతో వ్యవహరింపబడుతున్నది. 1952లో డాక్టరేటు పొందిన పిమ్మట కాలిఫోర్నియాలో ఓలిన్ విల్సన్‌తో కలిసి చేసిన పరిశోధన అంతకంటె విలువైనది. కొన్ని నక్షత్రాల వర్ణపటంలో కాల్షియం వలన ఏర్పడే నల్లని రేఖ నడుమ సన్నని వెలుగుచార కనబడుతుంది. ఆ చార ఎంత వెడల్పయితే నక్షత్రపు సహజకాంతి అంత అధికమని వారు నిరూపించారు. సహజకాంతి తెలిసినచో, మనకు కనిపించే కాంతితో పోల్చి నక్షత్రం ఎంత దూరాన ఉన్నదో లెక్కకట్టవచ్చు. ఇదే విల్సన్–బప్పు ప్రభావం.

1957లో ఈ ఫలితం వెలువడేనాటికి బప్పు స్వదేశంలో ఉన్నారు. అమెరికాలో స్థిరపడి ఉంటే ఆయనను తప్పుపట్టేవారెవరు? అక్కడ మహా దూరదర్శినులుండగా, ఇక్కడ అన్నీ మొదటినుండి సమకూర్చుకోవలసి ఉండెను. నైనితాల్ వేధశాలను తీర్చిదిద్ది, 1960లో కొడైకెనాల్ వేధశాల బాధ్యత స్వీకరించారు. నిర్మలమైన ఆకాశాన్ని వెదుకుతూ తమిళనాడులోని జవ్వాది కొండలలో కవలూరును ఎన్నుకొన్నారు. 1968లో అక్కడ తొలి పరిశీలనలు జరిగినది సంస్థలోనే తయారైన 38 సెంటీమీటర్ల దూరదర్శినితో! 1972లో ఒక మీటరు దూరదర్శిని వచ్చింది. 1977 మార్చి 10న యురేనస్ ఒక నక్షత్రానికి అడ్డువచ్చిన వేళ, ఆ గ్రహపు వలయాల జాడను పసిగట్టిన కొద్ది వేధశాలల్లో కవలూరు ఒకటి.

ఆయన చేసిన విద్యాసేవ ఉపన్యాసాలకు పరిమితమైనది కాదు. 1972లో భారత ఖగోళ సంఘ స్థాపనకు ముందు నిలిచారు. ఆ సంఘానికి ఉస్మానియా విశ్వవిద్యాలయమే నెలవు కావడం మనకు సంతోషకరం. అయితే, నా దృష్టిలో, ఆయన నడిపిన అసలైన పాఠశాల కార్ఖానా. పెద్ద దూరదర్శినిని విదేశంలో కొనితెచ్చుట సులభమార్గం. బప్పు 2.34 మీటర్ల దూరదర్శినిని ఇక్కడే రూపొందింపజేయ సంకల్పించారు. బెంగుళూరులో మన యువకులు ఆ గాజుదిమ్మను ఏళ్ల తరబడి అరగదీసి, మెరుగుపెట్టి దర్పణంగా మలిచారు. చేసి చూడగా వచ్చిన ఆ నేర్పు ఏ గ్రంథమూ ఇవ్వజాలదు.

1979లో అంతర్జాతీయ ఖగోళ సంఘాధ్యక్షులుగా ఎన్నికైన తొలి భారతీయుడు ఆయనే. దర్పణం పని సాగుతుండగానే, 1982 ఆగస్టు 19న, మ్యూనిక్‌లో హృదయ శస్త్రచికిత్సానంతరం కన్నుమూశారు. అప్పటికి ఆయన వయస్సు 55 ఏళ్లు. ఆ దూరదర్శిని 1986 జనవరిలో కవలూరులో ఆయన పేరిట జాతికి అంకితమైంది.