ఖాళీ కవరు - మార్కస్ గార్వే జీవిత కథ

ఓడల వ్యాపారంలో దిగి లక్షలు గడించినవారు, ఉన్నది పోగొట్టుకున్నవారు లోకంలో ఎందరో కలరు. ఓడల కంపెనీ స్థాపించి, చివరకు ఒక ఖాళీ తపాలా కవరు మూలంగా కారాగారం పాలైనవాడు మాత్రం, నాకు తెలిసినంతవరకు, మార్కస్ గార్వే ఒక్కడే. మన పాఠ్యపుస్తకాలలో అబ్రహాం లింకను చరిత్ర కనబడుతుంది, మార్టిన్ లూథర్ కింగ్ చరిత్ర కనబడుతుంది. ఆ ఇద్దరికీ నడుమ కాలంలో లక్షలాది నల్లజాతి ప్రజలను కదిలించిన ఈ మనిషి పేరు మన విద్యార్థులలో చాలమంది విని ఉండరు. ఆయన జీవితాన్ని తెలుసుకోగోరే వానికి అమెరికాలోని ఒక విచిత్రమైన చట్టాన్ని గూర్చి కూడా కొంత తెలియక తప్పదు.

గార్వే 1887 ఆగస్టు 17వ తేదీన జమైకా ద్వీపంలోని సెయింట్ ఆన్స్ బే అనే చిన్న రేవుపట్టణంలో జన్మించాడు. తండ్రి తాపీపని చేసేవాడు. ఇంటి పరిస్థితులు అంతంత మాత్రం కావడంచేత, ఉన్నత విద్యకు నోచుకోక, బాల్యంలోనే అచ్చుకూటంలో పనికి కుదిరాడు. అక్షరాలు కూర్చే పనివారు చదువుకున్నవారితో సమానంగా లోకం తెలుసుకుంటారన్న మాట మన పూర్వపు పత్రికా సంపాదకుల జీవితాలు చూచినా నిజమే. కింగ్‌స్టన్‌లో అచ్చుపనివారి సమ్మెలో పాల్గొన్నాడు. పొట్ట చేతబట్టుకొని కోస్టారికా, పనామా దేశాలకు వెళ్ళాడు. అక్కడ అరటి తోటలలోను, కాలువ పనులలోను తన జాతివారు పడే పాట్లు కళ్ళార చూచాడు. 1912లో లండను చేరి, ఈజిప్టు మూలాలు గల దూసే మొహమ్మద్ అలీ నడిపే పత్రికలో పనిచేశాడు. ఆ కాలంలోనే బుకర్ టి. వాషింగ్టన్ ఆత్మకథ ఆయన చేతికి వచ్చింది. నల్లజాతికి ఒక రాజ్యము, ఒక సైన్యము, ఓడలు ఎందుకు లేవన్న ప్రశ్న అప్పుడే పుట్టిందట. 1914లో స్వదేశానికి తిరిగివచ్చి సార్వత్రిక నీగ్రో అభ్యుదయ సంఘాన్ని స్థాపించాడు.

జమైకాలో ఆ సంఘం పెద్దగా ఎదగలేదు. 1916 మార్చిలో గార్వే న్యూయార్కు చేరాడు. హార్లెం పేటలో వీధి మూలల్లో నిలబడి ఉపన్యసించడంతో ఆయన ప్రజాజీవితం మొదలయింది. 1918లో ప్రారంభించిన నీగ్రో వరల్డ్ పత్రిక అనతికాలంలోనే వెస్టిండీసుకు, ఆఫ్రికాకు, మధ్య అమెరికాకు ప్రాకింది. కొన్ని వలస ప్రభుత్వాలు దానిని నిషేధించాయి కూడా. 1920 ఆగస్టులో మాడిసన్ స్క్వేర్ గార్డెన్‌లో జరిగిన మహాసభకు వేలకొలది జనం వచ్చారు. ఎరుపు, నలుపు, ఆకుపచ్చ రంగుల పతాకం ఆ సభలోనే ఆమోదం పొందింది. ఆడంబరమైన దుస్తులు, ఈకల టోపీలు, బిరుదులు, ఊరేగింపులు ఆయనకు మక్కువ. పండితులు నవ్వారు. పాకీపనివారు, వంటవారు, రైల్వే కూలీలు మాత్రం ఆయనలో తమ రాజును చూచుకున్నారు.

ఈ ప్రజల నుండియే 1919 జూన్ నెలలో బ్లాక్ స్టార్ లైన్ అనే ఓడల కంపెనీ పుట్టింది. వాటా ఒక్కింటి వెల 5 డాలర్లు. నల్లజాతివారు తప్ప ఇతరులు వాటాలు కొనరాదు. మన దక్షిణదేశంలో 1906లో వి. ఓ. చిదంబరం పిళ్ళె తూత్తుకుడిలో స్వదేశీ నౌకాయాన సంస్థను స్థాపించి, 25 రూపాయల వాటాలు అమ్మి, గాలియా, లావో అను రెండు ఓడలను తెప్పించిన సంగతి చదువరులు ఎరుగుదురు. రెండు సాహసాల వెనుక ఉన్న ఆవేశం ఒక్కటే. పిళ్ళెవారి మీద ప్రభుత్వం రాజద్రోహ నేరం మోపింది. గార్వే మీద రాజద్రోహం మోపడానికి అమెరికాలో వీలు చిక్కలేదు.

ఓడల సంగతి కొంచెం వివరంగా చెప్పవలసి ఉంది. మొదటిది యార్మత్. గార్వే పుట్టిన 1887వ సంవత్సరంలోనే కట్టిన పాత ఓడ అది. దానికి 1,65,000 డాలర్లు పోశారు. అంత వెల చేయదని తెలిసినవారు తరువాత చెప్పారు. బేరం కుదిర్చిన కెప్టెను రహస్యంగా కమీషను తీసుకున్నాడని న్యాయస్థానంలో బయటపడింది. అయినా 1919 చివర అది హార్లెం రేవు నుండి కదిలినప్పుడు ఒడ్డున నిలిచిన జనం ఆనందబాష్పాలు రాల్చారంటే ఆశ్చర్యం లేదు. తమ జాతి కెప్టెను నడిపే, తమ సొమ్ముతో కొన్న ఓడను వారు అంతకుముందు కలలో కూడ చూచి ఎరుగరు. 1920 జనవరిలో, మద్యనిషేధం అమలులోకి వచ్చే గడియలలో, విస్కీ నింపుకొని ఆ ఓడ క్యూబాకు బయలుదేరింది. దారిలోనే ప్రక్కకు ఒరగడంతో సరకులో కొంత భాగం సముద్రం పాలయింది. మరొక యాత్రలో కొబ్బరికాయలు నింపుకొని వస్తూండగా, సభలలో చూపించి వాటాలు అమ్మడానికై ఓడను ఊరూర ఆపించారు. కాయలు కుళ్ళిపోయాయి. వ్యాపారమూ ఉద్యమమూ ఒకే ఓడ ఎక్కితే ఏమవుతుందో ఈ కొబ్బరికాయల కథ చెబుతుంది. రెండవది షేడీసైడ్ అనే విహారనౌక, హడ్సన్ నదిలో ఒక వేసవి మాత్రం తిరిగింది. మూడవది కనావా, ఒక ధనికుని పాత విలాసనౌక. అది మాటిమాటికి చెడి, చివరకు క్యూబా తీరంలో వదలివేయబడింది. యార్మత్‌ను 1921 చివర తుక్కు క్రింద అమ్మితే వచ్చినది 1,625 డాలర్లు.

ప్రజల నుండి వసూలైనదో, సుమారు ఏడున్నర లక్షల డాలర్లు.

ఇక్కడ నాల్గవ ఓడ ప్రసక్తి వస్తుంది. ఓరియన్ అనే ఓడను అమెరికా షిప్పింగ్ బోర్డు వద్ద కొనడానికి బేరాలు సాగుతూండగా, కంపెనీ కరపత్రాలలో ఆ ఓడ బొమ్మ వేశారు. బొమ్మలో ఓడ పేరు ఫిలిస్ వీట్లీ అని మార్చి వ్రాశారు. ఆమె బానిసగా అమెరికా చేరి కవయిత్రిగా పేరు పొందిన స్త్రీ. కొనుగోలు పూర్తి కాలేదు. ఓడ కంపెనీది కాలేదు. బొమ్మ మాత్రం తపాలాలో ఇంటింటికి చేరింది. మా ఝరాసంగం, న్యాల్‌కల్ మండలాలలో పారిశ్రామిక మండలి వస్తుందన్న మాట పుట్టిన తరువాత, భూమి ఇంకా చేతికి రాకమునుపే రంగుల బొమ్మలతో ప్లాట్లు చూపే కరపత్రాలను మా విద్యార్థుల తండ్రులు కూడ చూచియే ఉంటారు. బొమ్మ వేసినవాడు కొనదలచి వేశాడా, కొనే ఉద్దేశమే లేక వేశాడా అన్నది కాగితం మీద కనబడదు.

ఆ కనబడని దానినే అమెరికా చట్టం వెదకుతుంది. ఆ దేశంలో మోసం, దొంగతనం వంటి నేరాలు సాధారణంగా రాష్ట్రాల పరిధిలోనివి. మనకు 1860 నాటి శిక్షాస్మృతిలో 420వ సెక్షను దేశమంతటికి ఒక్కటే. 2024 జూలై 1 నుండి దాని స్థానంలో భారతీయ న్యాయ సంహిత 318వ సెక్షను వచ్చింది. అమెరికాలో అట్లు కాదు. ఫెడరల్ ప్రభుత్వం, అనగా వారి కేంద్రప్రభుత్వం, మోసగానిని పట్టవలెనంటే తన అధికారంలోని వస్తువు ఏదైనా అతడు ముట్టుకొని ఉండవలె. తపాలా కేంద్రానిది. అంతర్యుద్ధం తరువాత న్యూయార్కు వంటి నగరాలలో కూర్చొని లాటరీలు, దొంగనోట్లు ఎరచూపి పల్లెవాసులకు ఉత్తరాలు వ్రాసి సొమ్ము లాగేవారు బలిసిపోగా, 1872లో అక్కడి కాంగ్రెసు తపాలా మోసపు చట్టం చేసింది. మోసపుటెత్తు ఉండవలె, మోసగించు ఉద్దేశం ఉండవలె, ఆ ఎత్తు సాగడానికి ఒక ఉత్తరం తపాలాలో పడి ఉండవలె. ఎదుటివాడు నిజంగా నష్టపోయాడని చూపనక్కరలేదు. ఉత్తరంలో అబద్ధమే ఉండనక్కరలేదు. ఎన్ని ఉత్తరాలు వేస్తే అన్ని నేరాలు. 1896లో డర్లండ్ అనే వాని వ్యాజ్యంలో సుప్రీంకోర్టు, నెరవేర్చే ఉద్దేశం లేక చేసిన వాగ్దానం కూడ ఈ చట్టం క్రిందికి వస్తుందని తీర్పు చెప్పింది. ప్రాసిక్యూటర్లకు ఇంతకంటె వాటమైన ఆయుధం మరొకటి లేదు.

ఆ ఆయుధాన్ని ఎవరిపై ఎత్తవలెనో ముందు నిశ్చయమై, నేరం తరువాత వెదకబడిందని చెప్పడానికి ఆధారం ఉంది. 1919 అక్టోబరులో, అప్పటికి యువకుడైన జె. ఎడ్గార్ హూవర్ ఒక ప్రభుత్వ లేఖలో గార్వేను దేశం వెడలగొట్టదగిన ఫెడరల్ నేరమేదీ దొరకలేదని విచారపడుతూ, ఓడల కంపెనీ వ్యవహారంలో మోసం కేసు దొరకవచ్చునని సూచించాడు. తరువాత గార్వే సంఘంలోకి వేగులను పంపారు. ఫెడరల్ దర్యాప్తు శాఖలో మొదటి నల్లజాతి ఏజెంటుగా చేరిన జేమ్స్ వర్మ్‌లీ జోన్స్ వారిలో ఒకడు. 1922 జనవరిలో గార్వేను తపాలా మోసం నేరం మీద పట్టుకున్నారు. మరి ముగ్గురు కంపెనీ అధికారులపై కూడ అదే నేరం మోపారు. ఆ ఏడాది మార్చిలోనే మన గాంధీజీకి అహమదాబాదులో ఆరేండ్ల శిక్ష పడింది.

ఆయన చేసిన పొరపాట్లు కూడ తక్కువవి కావు. అదే ఏడు జూన్‌లో, నల్లజాతిని హింసించే కూ క్లక్స్ క్లాన్ నాయకుని అట్లాంటాలో కలుసుకొని స్వజనులకే దూరమయ్యాడు. డుబాయిస్ వంటి విద్వాంసులు ఆయన కంపెనీ లెక్కలను అదివరకే ప్రశ్నించి ఉన్నారు. 1923 జనవరిలో ఎనిమిది మంది నల్లజాతి ప్రముఖులు అటార్నీ జనరలుకు ఉత్తరం వ్రాసి కేసు త్వరగా నడపమని కోరారు.

విచారణ 1923 మే నెలలో జడ్జి జూలియన్ మాక్ ఎదుట మొదలయింది. ప్రతిపక్ష సంఘంతో సంబంధమున్న ఈ జడ్జి తప్పుకోవలెనని గార్వే కోరినా ఆయన అంగీకరించలేదు. ఆరంభంలోనే తన వకీలును పంపివేసి గార్వే తానే వాదించుకున్నాడు. వక్తగా అసమానుడే కాని, వేదిక వేరు, న్యాయస్థానం వేరు. ఆయన అడిగిన అడ్డప్రశ్నలు కొన్ని ప్రాసిక్యూషనుకే మేలు చేశాయి.

ప్రాసిక్యూషను చూపిన సాక్ష్యాలలో ఒకటి, బెన్నీ డాన్సీ అనే రైల్వే స్టేషను పనివాని పేరిట 1920 డిసెంబరులో వచ్చిన కవరు. దానిపై బ్లాక్ స్టార్ లైన్ ముద్ర ఉంది. లోపల ఏమీ లేదు. అందులో ఏ కాగితం వచ్చిందో డాన్సీ గట్టిగా చెప్పలేకపోయాడు. కంపెనీ నుండి చాల ఉత్తరాలు వచ్చేవని, కొన్నిటిలో వాటాలు కొనమని ఉండేదని మాత్రం చెప్పాడు. జ్యూరీ తక్కిన ముగ్గురిని విడిచిపెట్టి, గార్వేను మాత్రం ఈ ఒక్క కవరుకు సంబంధించిన అభియోగం మీదనే దోషిగా నిర్ణయించింది. ముగ్గురితో కలిసి పన్నిన ఎత్తులో ముగ్గురూ నిర్దోషులు, ఒకడు దోషి. జూన్ 21వ తేదీన 5 సంవత్సరాల ఖైదు, 1,000 డాలర్ల జుర్మానా విధించారు. ఆనాటి చట్టం ఒక అభియోగానికి అనుమతించిన గరిష్ఠ శిక్ష అదే.

గార్వే లెక్కలు సరిగా ఉంచలేదు. కంపెనీ మునుగుతూండగా వాటాలు అమ్మించాడు. లేని ఓడను ఉన్నట్లు చూపాడు. ఇవి తప్పులే, పేదల సొమ్ముతో చేసిన పెద్ద తప్పులే. అయితే ఆ సొమ్ము ఆయన మూటగట్టుకున్నట్లు ఋజువు కాలేదు. ఓడలు నిజంగా కొన్నాడు, అవి నిజంగా కదిలాయి. ఆశపడిన మూర్ఖునికీ మోసగానికీ మధ్యనున్న గీతను ఒక వట్టి కవరు ఆధారంతో గీయడం నాకు న్యాయంగా తోచదు. 1925 ఫిబ్రవరిలో అప్పీలు కొట్టివేయబడగా ఆయనను అట్లాంటా కారాగారానికి పంపారు.

విడుదల కోరుతూ లక్షలాది సంతకాలతో విజ్ఞప్తులు వచ్చాయి. అటార్నీ జనరల్ జాన్ సార్జంట్ అధ్యక్షునికి నివేదిస్తూ ఒక వింత విషయం ఒప్పుకున్నాడు. ఎవరి రక్షణకై ఈ కేసు పెట్టబడిందో ఆ వాటాదారులే తాము మోసపోయామని అనుకోవడం లేదు. 1927 నవంబరులో అధ్యక్షుడు కూలిడ్జ్ మిగిలిన శిక్షను తగ్గించాడు. డిసెంబరులో న్యూ ఆర్లియన్స్ రేవు నుండి గార్వేను స్వదేశానికి పంపివేశారు. వర్షంలో గొడుగులు పట్టుకొని వీడ్కోలు చెప్పిన జనసమూహాన్ని ఆయన ఓడ మీది నుండి చూచాడు. ఆ ఓడ ఆయనది కాదు.

తరువాతి కథ చిన్నది. జమైకాలో ఒక రాజకీయ పక్షం పెట్టాడు, నగరసభకు ఎన్నికయ్యాడు. 1935లో లండను వెళ్ళాడు. 1940 జనవరిలో పక్షవాతం వచ్చింది. బ్రతికి ఉండగానే పత్రికలలో తన మరణవార్తలు చదువుకోవలసి వచ్చిన దురదృష్టవంతుడు. ఆ జూన్ 10వ తేదీన కన్నుమూశాడు. 1957లో స్వాతంత్ర్యం పొందిన ఘనా దేశం తన పతాకంలో నల్లని నక్షత్రాన్ని నిలిపి, తన నౌకాసంస్థకు బ్లాక్ స్టార్ లైన్ అని పేరు పెట్టుకుంది. 1964లో గార్వే అస్థికలను జమైకాకు తెచ్చి, ఆయనను ఆ దేశపు తొలి జాతీయవీరునిగా గౌరవించారు.

చట్టం మాత్రం పెరుగుతూ వచ్చింది. 1952లో తంతి, రేడియో, టెలివిజన్ ద్వారా చేసే మోసానికి దాని నీడలోనే మరొక చట్టం చేశారు. నేడు ఒక ఫోను పిలుపు, ఒక సందేశం రాష్ట్రపు సరిహద్దు దాటితే చాలు. 2002లో గరిష్ఠ శిక్ష 5 ఏండ్ల నుండి 20 ఏండ్లకు పెరిగింది. బ్యాంకులకు సంబంధించిన మోసమైతే 30 ఏండ్లు.

గార్వే కుటుంబం తీర్పు మచ్చను తుడిపించడానికి దశాబ్దాల పాటు ప్రయత్నించింది. 2025 జనవరి 19వ తేదీన, పదవి వీడడానికి ఒకరోజు ముందు, అధ్యక్షుడు బైడెన్ ఆయనకు మరణానంతర క్షమాభిక్ష ప్రకటించాడు. క్షమాభిక్ష తీర్పును కొట్టివేయదు. నేరమే జరుగలేదని అనదు. 1923 నాటి జ్యూరీ నిర్ణయం న్యూయార్కు న్యాయస్థానపు రికార్డులో నేటికీ అట్లే ఉన్నది.