పీఠం వద్దన్న మదనపల్లె బిడ్డ

కంటికి కనిపించని లోకమంటే మనిషికి ఒకవైపు భయం, ఒకవైపు ఆశ. రేపు ఏమవుతుందో ముందే తెలుసుకోవాలని, పదిమందికి అందని రహస్యం తనకు మాత్రం అందాలని అనాదిగా తహతహలాడుతూనే ఉన్నాడు. ఈ గుప్తవిద్యల మోజు మన తూర్పు దేశాల వాళ్ళకే ఉందని చాలామంది అనుకుంటారు. కానీ పడమటి దేశాల వాళ్ళు దాన్ని ఏకంగా ఒక తత్వశాస్త్రంగానే తయారు చేసుకున్నారు. రసవాదం మీద, నక్షత్రాల మీద అరబ్బీలో ఉన్న గ్రంథాలు మధ్యయుగంలో స్పెయిన్ దేశంలో లాటిన్ భాషలోకి మారి యూరపు అంతటా పాకాయి. రసవాదానికి వాళ్ళు వాడే ఆల్కెమీ అనే పేరు కూడా అల్-కీమియా అనే అరబ్బీ మాట నుండి పుట్టినదే. 1533 నాటికి జర్మనీ పండితుడు అగ్రిప్పా గుప్త తత్వం మీద మూడు భాగాల గ్రంథం అచ్చు వేయించాడు. గురుత్వాకర్షణ సూత్రం చెప్పిన న్యూటన్ అంతటివాడే ఏళ్ళ తరబడి రసవాదపు రాతప్రతులతో కుస్తీ పట్టాడంటే ఇక మామూలు మనుషుల సంగతి చెప్పాలా!

ఈ వరుసలోనే 1875లో న్యూయార్కు నగరంలో దివ్యజ్ఞాన సమాజం పుట్టింది. రష్యా దేశస్థురాలు మేడం బ్లావట్స్కీ, అమెరికా వాడైన కర్నల్ ఆల్కాట్ దాని స్థాపకుల్లో ముఖ్యులు. 1882లో వాళ్ళు తమ కేంద్రాన్ని మద్రాసు పక్కన అడయారులో నెలకొల్పారు. అన్ని మతాల లోపలా ఒకే రహస్య జ్ఞానం ఉందనీ, మామూలు కళ్ళకు కనిపించని మహాత్ములు కొందరు లోకాన్ని నడిపిస్తున్నారనీ వాళ్ళ నమ్మకం. ఐర్లండు కవి యేట్స్, హాలండు చిత్రకారుడు మోండ్రియన్ వంటి వారు ఆ సమాజంలో చేరినవాళ్ళే. లండనులో చదువుకునే రోజుల్లో గాంధీ గారు భగవద్గీతను మొదటిసారి చదివింది ఇద్దరు దివ్యజ్ఞాన సమాజస్థుల ప్రోద్బలంతోనే.

ఇంత పెద్ద ప్రవాహం మన రాయలసీమ పిల్లవాడి ఒకడి జీవితాన్ని తన వెంట లాక్కుపోయింది. ఆ పిల్లవాడు పెద్దయి దానికే ఎదురు నిలిచాడు. ఆయనే జిడ్డు కృష్ణమూర్తి. మన నంద్యాల నుండి ఆళ్ళగడ్డ, మైదుకూరు, కడప, రాయచోటి మీదుగా ఒక్క పగటి ప్రయాణం చేస్తే వచ్చే మదనపల్లె ఆయన పుట్టిన ఊరు. అప్పుడు అది కడప జిల్లాలోనే ఉండేది.

1895 మే నెలలో కృష్ణమూర్తి పుట్టాడు. తండ్రి నారాయణయ్య గారు రెవెన్యూ శాఖలో ఉద్యోగి, దివ్యజ్ఞాన సమాజ సభ్యుడు కూడా. తల్లి సంజీవమ్మ. ఎనిమిదో సంతానం గనుక ఆ పేరు పెట్టారు. పసితనంలోనే మలేరియా పట్టుకుంది. ఏడాది పొడుగునా జ్వరాలు వస్తూ పోతూ ఉంటే చదువు ఎక్కడ సాగుతుంది? 1905లో తల్లి చనిపోయింది. అప్పటికి వాడికి పదేళ్ళు. ఉద్యోగ విరమణ తరువాత 1909లో తండ్రి కొడుకులను వెంటబెట్టుకొని అడయారు చేరాడు. సమాజంలో చిన్న ఉద్యోగం, ఆవరణ బయట ఒక పాత ఇల్లు.

మద్రాసులో పిల్లవాడిని బడికి పంపారు. ఎప్పుడూ ఏదో లోకంలో ఉన్నట్టు నోరు తెరుచుకొని చూస్తుండేవాడు. పాఠం ఒంటబట్టేది కాదు. మొద్దబ్బాయి అని పంతులు తేల్చేశాడు. బెత్తం దెబ్బలు తినడం, ఏడుస్తూ వరండాలో నిలబడటం మామూలైపోయింది. తమ్ముడు నిత్యానంద మాత్రం చురుకైనవాడు.

ఆ 1909లోనే అడయారు సముద్రపు ఒడ్డున లెడ్‌బీటర్ అనే దొర ఈ పిల్లవాడిని చూశాడు. ఆయన దివ్యజ్ఞాన సమాజంలో పెద్ద తలకాయ, దివ్యదృష్టి ఉందని పేరు. అంతకు మునుపు నిందలు మోసి, సమాజం వదిలి, మళ్ళీ చేరినవాడు. పిల్లవాడి చుట్టూ స్వార్థం లేశమైనా లేని కాంతి కనిపిస్తున్నదనీ, లోకం ఎదురుచూస్తున్న జగద్గురువు ఈ దేహంలోనే దిగివస్తాడనీ ప్రకటించాడు. సమాజ అధ్యక్షురాలు అనిబిసెంటు ఆ మాట నమ్మింది. మొన్నటిదాకా మొద్దబ్బాయి, ఇప్పుడు జగద్గురువు! పాపం, ఈ రెండింటిలో ఏదీ ఆ పిల్లవాడు కోరుకున్నది కాదు.

అక్కడినుండి వాడి బతుకే మారిపోయింది. ఏం తినాలి, ఎట్లా స్నానం చేయాలి, ఏ భాష మాట్లాడాలి, అంతా ఇతరుల నిర్ణయమే. ఇంగ్లీషు వచ్చింది, తెలుగు జారిపోయింది. 1911లో ఆయన కోసం తూర్పు తార సంఘం స్థాపించారు. అదే ఏడు అన్నదమ్ములను ఇంగ్లండుకు తీసుకుపోయారు. తండ్రి తన బిడ్డలు తనకు కావాలని 1912లో దావా వేశాడు. మద్రాసు హైకోర్టు ఆయన పక్షాన తీర్పు చెప్పింది. అనిబిసెంటు లండనులోని ప్రీవీ కౌన్సిలు దాకా పోయి 1914లో గెలిచింది. రాయలసీమ గుమాస్తా ఇంటి బిడ్డల కోసం సామ్రాజ్యపు ఆఖరి న్యాయస్థానం దాకా నడిచిన కేసు అది. గెలిచింది ఎవరైనా, తండ్రి ఒడికి మాత్రం పిల్లలు తిరిగి రాలేదు.

జగద్గురువు కావలసినవాడు లండను విశ్వవిద్యాలయపు ప్రవేశ పరీక్షలో పదేపదే తప్పాడు. అయినా సభలు, భక్తులు, జమీందారుల విందులు ఆగలేదు. 1920లలో హాలండులోని ఒక కోట, దానికి చేరిన వేల ఎకరాల భూమి ఆయన పేరు మీద సంఘానికి దానంగా వచ్చాయి.

తమ్ముడు నిత్యానందకు క్షయ పట్టింది. కనిపించని మహాత్ములు తమ పనికి అవసరమైన తమ్ముణ్ణి చావనివ్వరని కృష్ణమూర్తి గట్టిగా నమ్మాడు. ఆ ధీమాతోనే అతణ్ణి కాలిఫోర్నియాలోని ఓహాయిలో వదిలి ఇండియాకు ఓడ ఎక్కాడు. 1925 నవంబరులో, ఓడ ఇంకా దారిలో ఉండగానే, నిత్యానంద పోయాడని తంతి వచ్చింది. ఓడ గదిలో రోజుల తరబడి కుమిలి కుమిలి ఏడ్చాడు. తనకు నేర్పిన రహస్యాలన్నీ ఒక్క ప్రాణాన్ని కూడా నిలపలేదు. ఇతరులు కట్టిపెట్టిన నమ్మకం ఆ దుఃఖం ముందు నిలబడలేదు.

1929 ఆగస్టు 3న హాలండులోని ఓమెన్‌లో మూడు వేలకు పైగా సభ్యులు కూర్చొని ఉన్నారు. ఎనభై దాటిన అనిబిసెంటు ఎదుటనే ఉంది. ముప్ఫై నాలుగేళ్ళ కృష్ణమూర్తి లేచి, తన కోసం కట్టిన ఆ సంఘాన్ని తానే రద్దు చేస్తున్నట్టు ప్రకటించాడు. ఏ మతమూ ఏ సంస్థా మనిషిని సత్యం దగ్గరికి చేర్చలేదనీ, తనకు శిష్యులు వద్దనీ తేల్చి చెప్పాడు. కోటా భూములూ ఇచ్చినవాళ్ళకే తిరిగి పోయాయి. వచ్చే గురువు కోసం పద్దెనిమిదేళ్ళు కాచుకున్న జనం ఆనాడు ఉత్త చేతులతో ఇళ్ళకు పోయారు. కొందరు ఏడ్చారు, కొందరు కోపగించారు. తనను బిడ్డ మాదిరి పెంచిన అనిబిసెంటు మీద గౌరవం మాత్రం ఆయన వదలలేదు. ఆమె 1933లో అడయారులో కన్నుమూసింది.

తరువాత యాభై ఆరేళ్ళకు పైగా ఆయన ఊరూరా తిరిగి మాట్లాడుతూనే ఉన్నాడు. భయం ఎట్లా పుడుతుంది, పోలిక ఎందుకు బాధ పెడుతుంది, ఇవే ఆయన ప్రసంగాలు. ఇంగ్లీషు రచయిత ఆల్డస్ హక్స్‌లీ 1954లో వచ్చిన ఆయన పుస్తకానికి ముందుమాట రాశాడు. భౌతిక శాస్త్రవేత్త డేవిడ్ బోమ్ ఏళ్ళ తరబడి ఆయనతో చర్చలు జరిపాడు. గుప్తవిద్య పేరుతో పడమటికి వెళ్ళిన పిల్లవాడు చివరకు దాపరికం ఏమీ లేని మాటలతోనే పడమటి ఆలోచనాపరులను కదిలించాడు.

లోపాలు లేని మనిషి అని చెప్పడం నా ఉద్దేశం కాదు. సంస్థలు వద్దన్నవాడి పేరు మీదనే తరువాత సంస్థలు వెలిశాయి. పాత మిత్రుడు రాజగోపాల్‌తో ట్రస్టు ఆస్తుల మీద కోర్టు తగాదాలు నడిచాయి. గురువు వద్దని చెప్పినా జనం ఆయననే గురువుగా చూశారు. 1986 ఫిబ్రవరి 17న ఓహాయిలోనే ఆయన కన్నుమూశాడు.

బడిపంతులుగా నన్ను ఎక్కువ ఆలోచింపజేసేది ఆయన తత్వం కన్నా ఆయన బాల్యమే. మన ఊళ్ళలో కూడా పాఠం అందని పిల్లవాడికి ఇంట్లో దిష్టి తీస్తారు, తావీజు కడతారు. బడిలో వెనక బెంచీకి పంపుతారు. చురుకైన పిల్లవాడు అగుపడితే వీడు కలెక్టరు అవుతాడని నలుగురిలో చాటి, ఆ బరువు వాడి నెత్తిన పెడతారు. ఆ జ్వరాల పిల్లవాడికి మలేరియా మందు, కాస్త నిద్ర, తల్లి లేని లోటు ఎరిగిన ఒక ఉస్తాదు అవసరం. కొట్టిన పంతులు గానీ, పీఠం ఎక్కించిన దొర గానీ వాడికేం కావాలో అడగలేదు.

ఆయన పెద్దయిన తరువాత పిల్లల బడుల మీద అంత శ్రద్ధ పెట్టడం ఊరికే జరిగింది కాదు. మదనపల్లె దగ్గరి ఋషి వ్యాలీ బడి అందుకు సాక్ష్యం. పోటీ, పోలిక, బెత్తం లేని చదువు అక్కడి ఆశయం. అది డబ్బున్నవాళ్ళ బడి గదా అని కొందరంటారు. ఆ మాటలో కొంత నిజం ఉంది. అయితే దాని గ్రామీణ విద్యా కేంద్రం చుట్టుపక్కల పల్లె పిల్లల కోసం ఒక పద్ధతి తయారు చేసింది. పాఠాన్ని చిన్న చిన్న కార్డులుగా విడదీసి, మెట్లు మెట్లుగా పేర్చి, ప్రతి పిల్లవాడూ తన వేగంతో తాను ఎక్కేటట్టు అమర్చారు. ఒకే పంతులు అన్ని తరగతులూ చూసుకునే బడులకు అది బాగా పనికొచ్చింది. వేరే రాష్ట్రాల సర్కారు బడులు కూడా దాన్ని అందుకున్నాయి. ఖరీదైన సామాను ఏమీ అక్కరలేదు. అట్టముక్కలు, ఓపిక ఉంటే చాలు. మన ఉర్దూ బడుల్లోనూ ఇది చేయదగిన పనే.

కాబట్టి తల్లిదండ్రులకు, తోటి ఉపాధ్యాయులకు నా మనవి ఒక్కటే. పిల్లవాడి నుదుట మొద్దు అనీ రాయవద్దు, మహానుభావుడు అనీ రాయవద్దు. వాడి పలక మీద వాణ్ణే రాసుకోనిద్దాం. జ్వరం వస్తే డాక్టరుకు చూపిద్దాం, పాఠం రాకుంటే పక్కన కూర్చొని ఇంకొకసారి చెబుదాం.