బొగ్గు గని చీకటిని రంగస్థలానికి తెచ్చిన ఉత్పల్ దత్

1979లో హిందీ ప్రేక్షకుల ముందుకు రెండు భిన్నమైన చిత్రాలు వచ్చాయి. ఏప్రిల్‌లో విడుదలైన 'గోల్‌మాల్' దేశాన్ని కడుపుబ్బ నవ్వించింది. ఆగస్టులో విడుదలైన 'కాలా పత్థర్' గనిలో నీట మునిగిన బొగ్గు కార్మికుల కథను చెప్పింది. మొదటి చిత్రంలో మీసమంటే ప్రాణమిచ్చే యజమాని భవానీశంకర్‌గా నటించి ఇంటింటికీ పరిచయమైన ఉత్పల్ దత్ రెండో చిత్రంలో లేరు. అయితే ఆ చిత్రం దేశం ముందుంచిన ప్రశ్నను ఆయన అంతకు ఇరవై ఏళ్ల ముందే కోల్‌కతా రంగస్థలంపై అడిగారు. గనిలో ప్రమాదం సంభవించినప్పుడు ముందుగా కాపాడవలసింది బొగ్గునా, దానిని తవ్వే మనిషినా అన్నదే ఆ ప్రశ్న.

హాస్యనటుడిగా, ప్రతినాయకుడిగా దేశమంతటికీ తెలిసిన ఉత్పల్ దత్ ప్రధానంగా నాటక రచయిత, దర్శకుడు. ఆయన జీవితాన్ని మలుపు తిప్పిన నాటకం బొగ్గు గనుల నుంచే పుట్టింది.

షేక్స్‌పియర్ నుంచి పల్లెలకు

ఉత్పల్ దత్ 1929 మార్చి 29న జన్మించారు. తండ్రి గిరిజారంజన్ దత్ బ్రిటిష్ ప్రభుత్వంలో జైలు అధికారి. షిల్లాంగ్‌లోనూ, కోల్‌కతా సెయింట్ జేవియర్స్‌లోనూ చదువుకున్న ఆయనకు ఆంగ్ల సాహిత్యమే తొలి ప్రేమ. 1947లో మిత్రులతో కలిసి షేక్స్‌పియర్ నాటకాలు ఆడేందుకు ఒక బృందాన్ని ఏర్పాటు చేశారు. అదే తరువాత లిటిల్ థియేటర్ గ్రూప్‌గా మారింది. భారతదేశంలో పర్యటిస్తున్న ఆంగ్ల నటుడు జెఫ్రీ కెండాల్ ఆ యువకుడి ప్రతిభను గుర్తించి తన బృందంలో చేర్చుకున్నారు. క్రమశిక్షణ, ఉచ్చారణ, వేదికపై నిలబడే తీరు దత్‌కు ఆ పర్యటనల్లోనే అలవడ్డాయి.

ఆంగ్లంలో ఎంత గొప్పగా ఆడినా చూసేది నగరంలోని కొద్దిమందేనన్న అసంతృప్తి ఆయనను వెంటాడింది. 1950ల ఆరంభంలో కొద్దికాలం ఇప్టాలో పనిచేశారు. తెలుగునాట ప్రజానాట్యమండలి ఏ సాంస్కృతిక ఉద్యమంలో భాగమో, అదే ఉద్యమపు బెంగాల్ శాఖ అది. అక్కడ వీధి నాటకం నేర్చుకున్నారు. ఆ తరువాత తన బృందాన్ని ఆంగ్లం నుంచి బెంగాలీకి మళ్లించారు. షేక్స్‌పియర్ 'మాక్‌బెత్'ను బెంగాలీలో గ్రామాలకు తీసుకువెళ్లారు. బతుకుతెరువు కోసం కోల్‌కతాలోని సౌత్ పాయింట్ పాఠశాలలో ఆంగ్లం బోధించారు.

1959లో ఉత్తర కోల్‌కతాలోని పాత మినర్వా థియేటర్‌ను లిటిల్ థియేటర్ గ్రూప్ లీజుకు తీసుకుంది. రాజకీయ నాటకాలాడే బృందం సొంతంగా ఒక నాటకశాలను నడపడం ఆర్థికంగా పెద్ద సాహసం. జనాన్ని రప్పించగల, అదే సమయంలో తాము చెప్పదలచిన మాటను చెప్పగల నాటకం ఆ బృందానికి అవసరమైంది. దానికి కావలసిన కథ కోల్‌కతాకు రెండు వందల కిలోమీటర్ల దూరంలో, నేల కింద ఉంది.

ప్రైవేటు గనుల కాలం

రాణీగంజ్ ప్రాంతంలో 1774లోనే బొగ్గు తవ్వకం మొదలైంది. స్వాతంత్ర్యం వచ్చిన తొలి దశాబ్దాల్లోనూ అక్కడి, పొరుగున ఉన్న ఝరియాలోని గనులు అత్యధికంగా ప్రైవేటు యజమానుల చేతుల్లోనే ఉండేవి. సంతాల్, బావురీ వంటి సమూహాలకు చెందిన నిరుపేదలు, బిహార్ తదితర ప్రాంతాల నుంచి వలస వచ్చినవారు గనుల్లోకి దిగేవారు. కార్మికుడికీ యజమానికీ మధ్య కాంట్రాక్టరు, వడ్డీ వ్యాపారి నిలిచేవారు. చేతికందిన కూలిలో కొంత అప్పు కిందే పోయేది.

భద్రత అన్నది ఖర్చుతో కూడిన వ్యవహారం. బొగ్గు తీసిన చోట ఏర్పడే ఖాళీలను ఇసుకతో నింపాలి. పైకప్పును మోసేందుకు వదిలిన బొగ్గు స్తంభాలను తాకకూడదు. మీథేన్ వాయువు పేరుకోకుండా గాలి ఆడేలా చూడాలి. పాత గనుల్లో నిలిచిన నీటికీ, కొత్త తవ్వకానికీ మధ్య తగినంత మందపు గోడ మిగల్చాలి. వీటిలో ప్రతి పనికీ డబ్బు, సమయం కావాలి. ప్రతి పనీ ఆనాటి ఉత్పత్తిని కొంత తగ్గిస్తుంది. కాగితంపై నిబంధనలు ఉన్నా, తనిఖీ అధికారి కన్నుగప్పి వాటిని దాటవేస్తే లాభం పెరుగుతుంది. 1952లో కొత్త గనుల చట్టం వచ్చిన తరువాత కూడా ప్రమాదాలు ఆగలేదు. 1956 సెప్టెంబర్‌లో బడా ధేమో గనిలోకి నీరు చొచ్చుకువచ్చి 28 మంది మరణించారు. 1958 ఫిబ్రవరిలో చినాకురి గనిలో జరిగిన పేలుడు 170 మందికి పైగా కార్మికులను బలిగొంది.

కోల్‌కతా పత్రికల్లో ఈ వార్తలు కొద్దిరోజులు కనిపించి మాయమయ్యేవి. నగరంలో పొయ్యి వెలిగించే బొగ్గు ఎక్కడినుంచి వస్తుందో తెలిసిన మధ్యతరగతికి, దానిని తవ్వే మనిషి ముఖం మాత్రం తెలియదు. ఆ ముఖాన్ని చూపించాలని దత్ నిశ్చయించుకున్నారు.

వేదికపై పొంగిన నీరు

1959 డిసెంబర్ 31న 'అంగార్' మినర్వాలో తొలిసారి ప్రదర్శితమైంది. తెలుగులో అంగారమంటే ఏమిటో, బెంగాలీలోనూ ఆ మాటకు దాదాపు అదే అర్థం. కథ సూటిగా సాగుతుంది. గని కార్మికుల ఇళ్లు, వారి చిన్నచిన్న ఆశలు, అప్పులు, హాస్యాలు మొదట కనిపిస్తాయి. ప్రమాద సూచనలు ఉన్నా పని ఆపరు. గనిలో పేలుడు జరిగి నిప్పంటుకుంటుంది. కింద మనుషులు ఇంకా బతికే ఉన్నారు. నిప్పును ఆర్పకపోతే విలువైన బొగ్గు కాలిపోతుంది. యజమాన్యం లెక్క వేసుకుని గనిలోకి నీటిని వదులుతుంది. కింద చిక్కుకున్నవారు ఒకరి తరువాత ఒకరు మునిగిపోతారు.

ఆ చివరి దృశ్యమే 'అంగార్'ను చరిత్రలో నిలిపింది. వేదికపై నీటి చుక్క లేదు. తాపస్ సేన్ కేవలం దీపకాంతులతో నీటిని సృష్టించారు. నిర్మల్ గుహా రాయ్ నిర్మించిన గని సొరంగంలో ఆ కాంతి అలలు అలలుగా పాదాల నుంచి నడుముకూ, నడుము నుంచి గొంతుకూ పెరుగుతూ వచ్చేది. సంగీతం పండిట్ రవిశంకర్‌ది. కార్మికులు మునిగిపోతుంటే ప్రేక్షకులు కుర్చీల్లో ఊపిరి బిగబట్టి కూర్చునేవారు. బయటకు వచ్చినవారు ఆ దృశ్యం గురించి చెబితే విన్నవారు టికెట్లకోసం వరుస కట్టారు. మినర్వా నిలదొక్కుకుంది.

విజయంతోపాటు విమర్శలూ వచ్చాయి. దీపాల మాయాజాలమే జనాన్ని ఆకర్షించిందని, కార్మికుడి సమస్య దాని వెనుక మరుగున పడిందని కొందరు వామపక్ష విమర్శకులు ఆక్షేపించారు. కార్మికులు నిస్సహాయంగా మరణించడమే తప్ప పోరాడి గెలిచే మార్గం నాటకంలో లేదని మరికొందరు అన్నారు. దత్ ఈ విమర్శను తేలికగా తీసుకోలేదు. ఆ తరువాతి నాటకాల్లో అణచివేతకు బలైనవారి కంటే తిరగబడినవారే కేంద్రమయ్యారు. అయినప్పటికీ గని కార్మికుడి మరణాన్ని విధివిలాసంగా కాక, ఒకరు తీసుకున్న నిర్ణయంగా చూపిన ఘనత 'అంగార్'దే. ప్రమాదమన్న మాట వెనుక దాగిన లెక్కల పుస్తకాన్ని ఆ నాటకం తెరిచి చూపింది.

జైలు, సినిమా

1965లో ఆయన రచించి దర్శకత్వం వహించిన 'కల్లోల్' 1946 నాటి నావికాదళ తిరుగుబాటును వేదికకెక్కించింది. నాటి జాతీయ నాయకత్వాన్ని అందులో నిలదీశారు. పలు పత్రికలు ఆ నాటకం ప్రకటనలను నిరాకరించాయి. అదే ఏడాది దత్‌ను అరెస్టు చేసి, విచారణ లేకుండా నెలల తరబడి జైలులో ఉంచారు. తండ్రి అధికారిగా పనిచేసిన జైళ్ల వ్యవస్థలో కుమారుడు ఖైదీగా గడిపారు. బయట మినర్వాలో 'కల్లోల్' నిండు సభలతో సాగింది.

నాటకానికి డబ్బు కావాలి. ఆ డబ్బును సినిమా ఇచ్చింది. 1950లో 'మైకేల్ మధుసూదన్'తో తెరకు పరిచయమైన ఆయనకు మృణాల్ సేన్ 1969లో తీసిన 'భువన్ షోమ్' జాతీయ ఉత్తమ నటుడి పురస్కారం తెచ్చిపెట్టింది. ఆపై హిందీ సినిమా ఆయనను పిలిచింది. ముంబయిలో సంపాదించినదానితో కోల్‌కతాలో నాటకాలు ఆడారు. మినర్వా చేజారిన తరువాత 1971లో పీపుల్స్ లిటిల్ థియేటర్‌ను స్థాపించి 'టినేర్ తలోవార్'తో మళ్లీ నిలబడ్డారు. గ్రామీణ బెంగాల్‌కు ప్రాణమైన జాత్రాలకూ నాటకాలు రాశారు. భార్య, నటి శోభా సేన్ ఈ ప్రయాణమంతటా ఆయన వెంట ఉన్నారు.

ప్రశ్న తెరకెక్కింది

ఈలోగా గనుల యాజమాన్యం మారింది. ప్రైవేటు గనుల్లోని అశాస్త్రీయ తవ్వకం, కార్మికుల దుస్థితి కారణాలుగా చూపి కేంద్రం 1972లో కోకింగ్ బొగ్గు గనులను, 1973లో మిగిలినవాటిని జాతీయం చేసింది. అయినా 1975 డిసెంబర్ 27న ధన్‌బాద్ సమీపంలోని చాస్‌నాలా గనిలోకి, పైనున్న పాత తవ్వకాల్లో నిలిచిన నీరు విరుచుకుపడింది. 370 మందికి పైగా కార్మికులు జలసమాధి అయ్యారు. అది ప్రభుత్వ నిర్వహణలో ఉన్న గని. యజమాని పేరు మారినంత మాత్రాన లెక్క మారదని ఆ విషాదం తెలియజెప్పింది.

ఆ దుర్ఘటన స్ఫూర్తితో సలీం-జావేద్ రచించగా యశ్ చోప్రా తీసిన 'కాలా పత్థర్'లో, ఇంజనీరు హెచ్చరికను పెడచెవిన పెట్టి ప్రమాదకరమైన చోట తవ్వించే యజమాని ఉంటాడు. సొరంగంలోకి నీరు దూసుకువస్తుంది. తర్వాతి తరంలో 'గ్యాంగ్స్ ఆఫ్ వాసేపుర్' ధన్‌బాద్ బొగ్గు మాఫియాను చూపింది. కథలు, కాలాలు వేరైనా వీటన్నింటి అడుగున ఉన్నది ఒకటే. నేల కింద నుంచి వచ్చే సంపదకు పైన పంపకందారులు ఎందరో. కింద ప్రాణం పెట్టేవారికి దక్కేది అతి తక్కువ.

ఉత్పల్ దత్ సినీజీవితంలో ఇక్కడే ఒక విశేషం ఉంది. 1980లో సత్యజిత్ రాయ్ 'హీరక్ రాజార్ దేశే'లో ఆయనకు నియంత రాజు పాత్ర ఇచ్చారు. ఆ రాజు ఖజానా వజ్రాల గనులతో నిండుతుంది. గనిలో పనిచేసే కూలీలు పస్తులుంటారు. ఎదిరించినవారి మెదళ్లను కడిగేందుకు యంత్రం సిద్ధంగా ఉంటుంది. గని కార్మికుల కోసం 'అంగార్' రాసిన వ్యక్తే, వారి రక్తం తాగే రాజుగా తెరపై కనిపించారు. దోపిడీదారు మనస్తత్వాన్ని ఏళ్లతరబడి పరిశీలించినందునే ఆ పాత్రలో భయం, హాస్యం రెండూ సమపాళ్లలో పలికాయి. చివరికి ఆ రాజు తన విగ్రహాన్ని కూలదోసే ప్రజలతో కలిసి తానూ తాడు లాగుతాడు.

1990లో సంగీత నాటక అకాడమీ ఆయనకు ఫెలోషిప్ ప్రదానం చేసింది. 1991లో రాయ్ చివరి చిత్రం 'ఆగంతుక్'లో ప్రధాన పాత్ర ధరించారు. మూత్రపిండాల వ్యాధి బాధిస్తున్నా పని మానలేదు. 1993 ఆగస్టు 19న కోల్‌కతాలో గుండెపోటుతో కన్నుమూశారు. అప్పటికి ఆయన వయసు 64 ఏళ్లు.

నేటికీ గనుల్లో పైకప్పులు కూలుతున్నాయి. అక్రమ తవ్వకాల గుంతల్లో పేదలు సమాధి అవుతున్నారు. సింగరేణి ప్రాంతంలోనైనా, ధన్‌బాద్‌లోనైనా వేళకాని వేళ గని సైరన్ మోగితే ఇంటి గడపలో నిలబడే ఆడవారి గుండె ఒకేలా కొట్టుకుంటుంది. ఆ గడపల్లో ఎదురుచూసేవారికి దక్కవలసిన జవాబు కోసమే ఉత్పల్ దత్ 1959లో మినర్వా వేదికపై దీపకాంతిని నీరుగా మార్చారు.