ప్రవీర్ చంద్ర భంజ్‌దేవ్: ఓరుగల్లు వంశపు చివరి ఏలిక

బిలాస్‌పూర్ నగరపు అంచున, రైలు పట్టాల పక్కన లాల్‌ఖదాన్ ఉన్నది. ఉద్యోగరీత్యా తరాల క్రితం ఆంధ్ర ప్రాంతం నుండి తరలివచ్చి, ఈ రైల్వే పట్టణాన్నే స్వస్థలంగా చేసుకున్న తెలుగు కుటుంబాలకు బస్తర్ అనే పేరు కొత్తది కాదు. ఇక్కడి నుండి దక్షిణంగా సుమారు నాలుగు వందల కిలోమీటర్లు ప్రయాణిస్తే జగదల్‌పూర్ వస్తుంది. అక్కడి రాజప్రాసాదంలో 1966 మార్చి 25న పోలీసు తూటాలకు నేలకొరిగిన వ్యక్తి కాకతీయుల వంశీకుడన్న సంగతి మాత్రం తెలుగువారిలోనే చాలామందికి తెలియదు. ఆయన పేరు ప్రవీర్ చంద్ర భంజ్‌దేవ్. పదవీచ్యుతుడైన తమ రాజును మరల గద్దెపై నిలపాలని బస్తర్ ఆదివాసులు సాగించిన ఉద్యమానికి ఆయనే కేంద్రం. మరణించిన తరువాత కూడా ఆయన ఆ స్థానం నుండి తొలగలేదు.

1323లో ఢిల్లీ సుల్తాను సైన్యాల ముట్టడిలో ఓరుగల్లు పతనమైంది. ప్రతాపరుద్రుని సోదరుడు అన్నమదేవుడు పరివారంతో గోదావరిని దాటి, దండకారణ్యంలోని చిన్న చిన్న ఏలికలను జయించి, బస్తర్ రాజ్యాన్ని నెలకొల్పినాడని ఆ వంశపు సంప్రదాయం చెబుతున్నది. 1703లో దిక్పాలదేవుని కాలంలో దంతేవాడలో చెక్కించిన శాసనం కూడా ఈ వంశక్రమాన్నే పేర్కొన్నది. ప్రజల నోట నిలిచిన కథ దీనికన్న రసవత్తరమైనది. కులదేవత దంతేశ్వరి అన్నమదేవుని వెంట నడుస్తూ, వెనుదిరిగి చూడరాదని షరతు విధించిందట. శంఖిని, డంకిని నదులు కలిసే చోట అమ్మవారి అందెలు ఇసుకలో కూరుకుపోయి సవ్వడి ఆగగా, రాజు తిరిగి చూశాడట. దేవి అక్కడే నిలిచిపోయింది. అదే నేటి దంతేవాడ. కథను చరిత్రగా స్వీకరించనక్కరలేదు. అయితే బస్తర్ రాజు దేవికి ప్రధాన అర్చకుడని, ఈ మట్టికి పూజారి అని ఆదివాసులు నమ్మడం మాత్రం చరిత్రే. ఆ నమ్మకాన్ని లెక్కలోకి తీసుకోనివారికి ప్రవీర్ జీవితం బోధపడదు.

ఆ నమ్మకం మూఢవిధేయత కాదు. 1876లో అధికారుల దౌర్జన్యాలకు విసిగిన మురియాలు సాక్షాత్తు రాజునే జగదల్‌పూర్‌లో ముట్టడించారు. 1910లో అటవీ నిర్బంధాలకు, వెట్టిచాకిరికి వ్యతిరేకంగా భూమ్‌కాల్ తిరుగుబాటు చెలరేగింది. రాజు తమవాడే గనుక ఆయనను ప్రశ్నించే హక్కు తమకు ఉన్నదని వారి భావన. ఏటా డెబ్బై అయిదు రోజులపాటు సాగే బస్తర్ దసరాలో ఈ సంబంధమే ఒక తంతుగా ప్రదర్శితమవుతుంది. విజయదశమి రాత్రి ఆదివాసులు రథాన్ని అపహరించి కుమ్డాకోట్ అడవిలోకి తీసుకుపోతారు. మరునాడు రాజు స్వయంగా అక్కడికి వెళ్ళి, వారితో కలిసి కొత్త ధాన్యపు అన్నం తిని, బుజ్జగించి, రథంతో సహా రాజధానికి తిరిగి వస్తాడు.

ప్రవీర్ తల్లి ప్రఫుల్ల కుమారీదేవి. తండ్రి రుద్రప్రతాప్ దేవ్‌కు పుత్రసంతానం లేకపోవడంతో 1922లో బాలికగా ఉండగానే ఆమెను గద్దెపై కూర్చోబెట్టారు. మయూర్‌భంజ్ రాజవంశానికి చెందిన ప్రఫుల్ల చంద్ర భంజ్‌దేవ్‌ను ఆమె వివాహమాడడం వల్ల కాకతీయ వంశీకుల పేర్ల చివర భంజ్‌దేవ్ అన్న ఒడియా ఇంటిపేరు చేరింది. 1929 జూన్ 25న ప్రవీర్ జన్మించారు. 1936లో లండన్‌లో శస్త్రచికిత్స అనంతరం రాణి మరణించగా, ఏడేళ్లు నిండని ఆ బాలుడు రాజుగా ప్రకటితుడయ్యాడు. బ్రిటిష్ ప్రభుత్వానికి తండ్రి పొడ గిట్టదు. ఆయనను సంస్థాన వ్యవహారాలకు, పిల్లలకు దూరంగా ఉంచి, ఆంగ్లేయ సంరక్షకుల చేతుల మీదుగా పెంపకం సాగించారు. తల్లి లేదు, తండ్రి దరిచేరలేడు. తనను దైవాంశగా కొలిచే లక్షలాది ప్రజలు మాత్రం ఉన్నారు. ఆయన స్వభావంలో తరువాతి కాలంలో కనిపించిన ఒంటరితనానికి, పంతానికి, అపనమ్మకానికి మూలాలు ఈ బాల్యంలోనే ఉన్నాయనిపిస్తుంది.

1947లో పూర్తి అధికారాలు చేతికి వచ్చేనాటికి ఆయనకు పద్దెనిమిదేళ్లు. అవి ఎన్నాళ్లో నిలువలేదు. బైలదిల కొండల ఇనుప ఖనిజంపై అప్పటికే ఎందరి దృష్టో పడింది. బస్తర్ ఖనిజ సంపదను హైదరాబాద్ నిజాముకు దీర్ఘకాలపు కౌలుకు అప్పగించే ప్రయత్నం బ్రిటిష్ పాలన చివరి దినాలలో సాగింది. సర్దార్ పటేల్ సంస్థానాల విలీనానికి త్వరపడడానికి అది కూడా ఒక కారణమైంది. 1947 డిసెంబరులో ఛత్తీస్‌గఢ్ సంస్థానాధీశులు నాగ్‌పూర్‌లో విలీనానికి అంగీకరించారు. 1948 జనవరి 1 నుండి బస్తర్ మధ్యపరగణాలు-బేరార్ రాష్ట్రంలో భాగమైంది. కాంకేర్‌తో కలిసి ఏర్పడిన బస్తర్ జిల్లా విస్తీర్ణంలో నేటి కేరళ రాష్ట్రం కంటె పెద్దది. దక్షిణాన కోంట, భోపాలపట్నం ప్రాంతాలలో తెలుగు మాట నేటికీ వినిపిస్తుంది.

రాజ్యం పోయినా బిరుదు, రాజభరణం మిగిలాయి. ఆదివాసుల దృష్టిలో రాజు రాజుగానే ఉన్నాడు. ప్రవీర్ చేతికి ఎముక లేని దాత. రాజప్రాసాదానికి వచ్చినవారికి డబ్బు పంచిపెట్టడం ఆయనకు అలవాటు. తంత్రశాస్త్రంపైన, యోగంపైన అమితమైన ఆసక్తి. ఈ దానాలనే దుబారాగాను, ఈ ఆసక్తులనే చిత్తచాంచల్యంగాను భావించి, 1953లో ప్రభుత్వం ఆయన ఆస్తులను కోర్ట్ ఆఫ్ వార్డ్స్ అజమాయిషీలోకి తీసుకున్నది. మైనర్ల ఆస్తులను, స్వయంగా నిర్వహించుకోలేనివారి ఆస్తులను కాపాడేందుకు ఏర్పడిన వ్యవస్థ అది. ఇరవై నాలుగేళ్ల యువకునికి ఇంతకన్న అవమానం మరొకటి ఉండబోదు. ఆ ఆస్తులను తిరిగి రాబట్టుకోవడం కోసం మొదలైన వ్యక్తిగత పోరాటం క్రమంగా ఆదివాసుల భూమి, అడవి, ధాన్యం సమస్యలతో పెనవేసుకుపోయింది. వీటిలో ఏది ముందు, ఏది వెనుక అన్న వివాదం ఆయన జీవించినంత కాలం నడిచింది. నిష్పక్షపాతంగా చూస్తే రెండూ నిజమే. పోయిన గద్దెపై ఆయనకు మమకారం తీరలేదు. ఆ గద్దెను నమ్ముకున్నవారి గోడును ఆయన వలె ఆలకించిన నాయకుడు ఆనాటి బస్తర్‌లో మరొకడు లేడు.

1957లో ఆయన కాంగ్రెస్ అభ్యర్థిగా జగదల్‌పూర్ నుండి మధ్యప్రదేశ్ శాసనసభకు ఎన్నికయ్యారు. ఆ స్నేహం ఎంతో కాలం సాగలేదు. తన ఆస్తుల విషయంలోను, ఆదివాసుల విషయంలోను ప్రభుత్వం కదలలేదని భావించి పదవి నుండి వైదొలగారు. 1958లో తూర్పు పాకిస్తాన్ శరణార్థుల పునరావాసానికి దండకారణ్య ప్రాజెక్టు ఆరంభమైంది. అడవి నరికి కొత్త గ్రామాలు వెలుస్తున్నాయి. కలప గుత్తేదారులు, వడ్డీ వ్యాపారులు పల్లెల్లోకి చొచ్చుకువచ్చారు. 1960వ దశకంలో నిర్మించిన కొత్తవలస-కిరండూల్ రైలుమార్గం బైలదిల ఖనిజాన్ని విశాఖ రేవుకు, అటునుండి జపాన్‌కు చేర్చేందుకు ఉద్దేశించినది. నాడు వాల్తేరు, బిలాస్‌పూర్ రెండూ ఆగ్నేయ రైల్వేలోనివే గనుక, ఇక్కడి రైల్వే తెలుగువారికి ఆ మార్గం పేరు సుపరిచితం. కొండలనుండి ఖనిజం దిగిపోవడానికి దారి పడింది గాని, కొండవారి మొర పైకి చేరడానికి దారి లేకపోయింది.

1961 ఫిబ్రవరి 11న ప్రవీర్‌ను ముందస్తు నిర్బంధ చట్టం క్రింద అరెస్టు చేసి, బస్తర్‌కు సుదూరాన ఉన్న నర్సింగ్‌గఢ్ జైలుకు తరలించారు. మరునాడే రాష్ట్రపతి ఉత్తర్వు వెలువడింది. రాజ్యాంగంలోని 366వ అధికరణం ప్రకారం, రాష్ట్రపతి గుర్తించిన వ్యక్తియే సంస్థానపు పాలకుడు. ఆ గుర్తింపును ప్రవీర్ నుండి తొలగించి, ఆయన తమ్ముడు విజయ్ చంద్రకు ఇచ్చారు. అప్పటి మధ్యప్రదేశ్ ముఖ్యమంత్రి కైలాస్‌నాథ్ కాట్జూ. కాగితంపై అది ఒక పేరుకు బదులు మరొక పేరు చేర్చడమే. బస్తర్ పల్లెల్లో మాత్రం అది దేవి పూజారిని గుడినుండి ఈడ్చివేయడంతో సమానమైంది. దంతేశ్వరి ఎవరిని ఎన్నుకున్నదో ఢిల్లీ నిర్ణయించడమేమిటన్నది వారికి అర్థం కాని ప్రశ్న.

రాజును తిరిగి తెచ్చే ఉద్యమం అక్కడినుండి ఊపందుకుంది. ఊరూరా సభలు జరిగాయి. కొత్త రాజును అంగీకరించబోమని ఆదివాసులు స్పష్టం చేశారు. మార్చి 31న లోహండీగుడాలో వేలాదిమంది గుమికూడారు. విల్లంబులు, గొడ్డళ్లు ధరించడం ఆదివాసికి నిత్యవేషం. పోలీసులకు అది యుద్ధసన్నాహంగా కనిపించింది. కాల్పులలో పన్నెండు, పదమూడు మంది అసువులు బాశారు. స్వతంత్ర భారతదేశంలో ఒక రాజు పునఃస్థాపన కోసం నిరుపేదలు ప్రాణాలు ఒడ్డిన ఆ ఘటన దేశ రాజకీయాలలో అంతగా చర్చకు రాకపోవడం నేటికీ ఆశ్చర్యమే.

కొద్ది కాలానికే ప్రవీర్ విడుదలయ్యారు. ఆ ఏడాదే రాజస్థాన్‌లోని పాటన్ రాజకుటుంబానికి చెందిన వేదవతిని వివాహమాడారు. 1962 శాసనసభ ఎన్నికలలో బస్తర్ స్థానాలలో అధికభాగం ఆయన బలపరచిన అభ్యర్థులకే దక్కాయి. ప్రభుత్వం తీసివేసిన పట్టాన్ని ప్రజలు బ్యాలెట్ ద్వారా తిరిగి కట్టబెట్టారన్నమాట. 1963లో ఆస్తులు కూడా కోర్ట్ ఆఫ్ వార్డ్స్ నుండి విడుదలయ్యాయి. పాలకునిగా గుర్తింపు మాత్రం తిరిగి రాలేదు. 1964 నుండి ఉద్యమం స్వరూపం మారింది. వర్షాభావం, ధాన్యం కొరత, నిర్బంధ లెవీ ప్రధాన సమస్యలయ్యాయి. ఆదివాసీ మహిళలు పెద్ద సంఖ్యలో ముందు వరుసలోకి వచ్చారు. ప్రవీర్ నిరాహార దీక్షలు చేపట్టారు. అధికారులకు, రాజప్రాసాదానికి నడుమ మాటలు తెగిపోయాయి.

ఇదే కాలంలో ఆయన తన కథను ఆంగ్లంలో రచించారు. 1966 నాటి ఆ గ్రంథానికి ఐ ప్రవీర్, ది ఆదివాసీ గాడ్ అని పేరు పెట్టారు. తనను తాను దేవుడని చెప్పుకొన్న ఆ శీర్షికే ఆయన మతిస్తిమితాన్ని శంకించేవారికి ఆయుధమైంది. ప్రజలు తన గురించి ఏమనుకుంటున్నారో ఆయన దాచకుండా చెప్పారన్నది మరొక దృష్టి. పాఠకుడు ఏ వైపు మొగ్గినా, ఆ మాటను ఆయన తేలికగా వాడలేదన్నది నిశ్చయం.

1966 మార్చిలో చైత్ర వేడుకలకు, ఆనవాయితీ ప్రకారం సాగే వేటకు ఆదివాసులు జగదల్‌పూర్ రాజప్రాసాద ప్రాంగణానికి చేరుకున్నారు. 25వ తేదీన పోలీసులకు, వారికి మధ్య ఘర్షణ తలెత్తింది. బాణాలు ఎగిరాయి. ఒక పోలీసు ప్రాణం కోల్పోయాడు. ప్రాసాదం ముట్టడిలో పడింది. అధికారిక లెక్కల ప్రకారం పోలీసులు అరవై ఒక్క రౌండ్లు కాల్చగా, ప్రవీర్‌తో పాటు మరో పదకొండుమంది మరణించారు. మృతుల సంఖ్య అంతకు ఎన్నో రెట్లు ఎక్కువని బస్తర్ ప్రజలు నమ్ముతూ వచ్చారు. అప్పటి ముఖ్యమంత్రి ద్వారకా ప్రసాద్ మిశ్రా. ఈ ఘటనపై న్యాయమూర్తి కె.ఎల్. పాండే నేతృత్వంలో విచారణ సంఘం ఏర్పడింది. మరణించేనాటికి ప్రవీర్‌కు ముప్పై ఏడేళ్లు నిండలేదు. సంతానం లేదు.

రాజు చనిపోయాడన్న మాటను నమ్మనివారు ఎందరో మిగిలారు. వారి ఆశకు 1970వ దశకం తొలినాళ్లలో ఒక రూపం దొరికింది. చాప్కా గ్రామంలో బిహారీదాస్ అనే సాధువు తానే ప్రవీర్‌నని ప్రకటించుకున్నాడు. పోలికలు లేవన్నవారికి, తూటాల గాయాలతో రూపం మారిందన్న తరహా సమాధానాలు భక్తుల వద్ద సిద్ధంగా ఉండేవి. మద్యమాంసాలు విడిచి మెడలో కంఠి ధరించమని ఆయన బోధించాడు. వేలమంది ధరించారు. ఎన్నికల వేళ రాజకీయ నాయకులు సైతం ఆయన ఆశీస్సులకై తరలివెళ్లారు. జీవించి ఉన్న రాజును భరించలేకపోయిన రాజకీయం, రాజు పేరు చెప్పుకొన్న సాధువుతో సులువుగానే సర్దుకుపోయింది! చివరికి ఆయన కూడా నిర్బంధానికి గురయ్యాడు. 1971లో 26వ రాజ్యాంగ సవరణ ద్వారా సంస్థానాధీశుల గుర్తింపును, రాజభరణాలను దేశమంతటా రద్దు చేశారు. ప్రవీర్ కోసం జనం ప్రాణాలర్పించిన ఆ గుర్తింపే పదేళ్లు దాటిన కొద్దికాలానికే చట్టంలో లేకుండా పోయింది.

జగదల్‌పూర్‌లో దంతేశ్వరి ఆలయం వద్ద, అంగళ్లలో, పల్లెటూరి ఇళ్లలో దేవతల పటాల సరసన జటాజూటంతో ఉన్న ప్రవీర్ చిత్రం నేటికీ కనిపిస్తుంది. ఆ వంశపు నేటి వారసుడు కమల్ చంద్ర భంజ్‌దేవ్ 2022 జూలైలో కాకతీయ వైభవ సప్తాహానికి అతిథిగా ఓరుగల్లులో అడుగుపెట్టినప్పుడు, ఏడు శతాబ్దాల అనంతరం ఇంటికి వచ్చిన బంధువుగా ఆయనకు ప్రజలు స్వాగతం పలికారు. బస్తర్ దసరా కూడా ఆగలేదు. రథంపై ఇప్పుడు రాజుకు బదులు దంతేశ్వరి ఛత్రం కొలువుదీరుతుంది. విజయదశమి రాత్రి ఆదివాసులు ఆ రథాన్ని ఎప్పటివలెనే కుమ్డాకోట్‌కు లాగుకుపోతారు. మరునాడు రాజవంశీకుడు కొత్త అన్నం తినడానికి వారి వద్దకు వెళతాడు.