మత్తు డాక్టరు రూపాబాయి

ఆపరేషను అంటే సర్జను పేరు అడుగుతాం. మత్తు ఇచ్చేవారిని అడగం. ప్రపంచంలో తొలి మహిళా మత్తు డాక్టరుగా చెప్పే రూపాబాయి ఫర్దూన్‌జీ మన హైదరాబాదులోనే పనిచేశారు.

పార్సీ కుటుంబంలో పుట్టిన ఆమె 1885లో హైదరాబాదు మెడికల్ స్కూలులో చేరి, 1889లో హకీం పట్టా పొందారు. ఆమె గురువు డాక్టర్ ఎడ్వర్డ్ లారీ. ఆరవ నిజాం ఆదరణతో 1888, 1889లలో క్లోరోఫాం కమిషన్లు జరిపినవారు ఆయనే. మత్తులో ఉన్న రోగి శ్వాసను కనిపెట్టుకొని ఉండమన్నదే ఆయన పాఠం. రూపాబాయి ఎందరో రోగులకు క్లోరోఫాం ఇచ్చారు. ఇరవై ఏళ్ల అనుభవం ఉండి కూడా, ఇంకా చదవాలని 1909లో ఎడిన్‌బరో వెళ్లారు.

ఆనాడు మత్తంటే ప్రాణభయం. నేడు అది బాగా తగ్గింది. అయితే పెద్ద వయసులో మతి తడబడటం కద్దు. అరవై, ఆపై వయసున్న 1218 మందిపై జరిపిన పరిశోధన 1998లో వెలువడింది. పెద్ద ఆపరేషనైన వారానికి నూటికి 26 మందిలో, మూడు నెలలకు 10 మందిలో జ్ఞాపకం, ఆలోచన మందగించాయి. అంటే ఎక్కువమంది తేరుకుంటారు. కారణం మత్తుమందు ఒక్కటే అనడానికీ లేదు.

బేస్తవారిపేట నుంచి మార్కాపురమో, ఒంగోలో ఆపరేషనుకు వెళ్లే మన సభ్యులు వాడుతున్న మందులన్నీ ముందే మత్తు డాక్టరుకు చెప్పాలి. మెలకువ రాగానే కళ్లజోడు, వినికిడి మిషను ఇవ్వాలి. రాత్రి నిద్ర చెడకూడదు. మాట తడబడితే వయసు మీద తోసేయక వెంటనే డాక్టరుకు తెలపాలి. బల్ల మీద రూపాబాయి చేసిన కాపలా, మంచం దగ్గర ఇంటివారు చేయాలి.